కళ్ళలో నీళ్ళు అని రాసి వదిలేస్తే క్లెయిమ్ ఆగుతుంది

ఎడిటర్ గారికి నమస్కారం,

నేను హైదరాబాద్‌లో మెడికల్ కోడింగ్ జాబ్ చేస్తున్నాను. అమీర్‌పేటలో కోచింగ్ బోర్డులు చూసే ఉంటారు, బీఫార్మసీ, బీఎస్సీ లాంటివి చదివినవాళ్ళు అక్కడ నేర్చుకుని సీపీసీ అనే కోడర్ల సర్టిఫికెట్ ఎగ్జామ్ రాసి కంపెనీల్లో చేరతారు, అందులో నేనూ ఒకదాన్ని. అమెరికాలో డాక్టర్ రాసిన నోట్ చదివి జబ్బుకో కోడ్, చేసిన ట్రీట్‌మెంట్‌కో కోడ్ వేయడం మా పని, దాన్ని బట్టే అక్కడ ఇన్సూరెన్స్ వాళ్ళు డబ్బులిస్తారు. ఇంత జాగ్రత్త అమెరికా పేషెంట్లకి పడుతున్నాం గానీ మన ఊళ్ళో మనవాళ్ళ ఫారాలు ఎవరు ఎలా నింపుతున్నారో పట్టించుకునేవాళ్ళు లేరని ఈ లెటర్ రాస్తున్నాను.

కళ్ళ వెంట ఊరికే నీళ్ళు కారడమే తీసుకోండి, డాక్టర్లు దాన్ని ఎపిఫోరా అంటారు. అమెరికాలో 2015 అక్టోబర్ 1 నుంచి వాడుతున్న ఐసీడీ-10-సీఎం అనే జబ్బుల కోడ్ల జాబితాలో ఈ ఒక్కదానికే బోలెడు కోడ్లు. హెచ్04.20 అంటే కారణం ఫలానా అని రాయలేదు అని, హెచ్04.21 అంటే నీళ్ళే ఎక్కువ ఊరుతున్నాయని, హెచ్04.22 అంటే ఊరేది మామూలుగానే ఉంది గానీ పోవాల్సిన దారిలో పోవట్లేదని. దాని తర్వాత ఇంకో అంకె, 1 అయితే కుడి కన్ను, 2 ఎడమ, 3 రెండూ, 9 అంటే ఏ కన్నో డాక్టర్ రాయలేదని. 9 వేసి పంపితే మా క్వాలిటీ టీమ్ ఊరుకోదు, నోట్‌లో నిజంగా లేకపోతే డాక్టర్‌కి క్వెరీ పెట్టమంటారు, అంతేగానీ మేం ఊహించి రాయకూడదు.

ఇదంతా చాదస్తం కాదండీ. కుళాయి ఎక్కువ తిప్పినా సింక్ నిండుతుంది, కింద పైపు మూసుకుపోయినా నిండుతుంది, రిపేరు మాత్రం ఒకటి కాదు కదా. కంట్లో దుమ్ము పడినా, రెప్ప వెంట్రుక లోపలికి తిరిగి గుచ్చుకుంటున్నా నీళ్ళు ఎక్కువ ఊరతాయి. విచిత్రం ఏంటంటే కళ్ళు పొడిబారినవాళ్ళకి కూడా నీళ్ళు కారతాయి, పొడిదనానికి కన్ను మండి ఒక్కసారిగా నీళ్ళు వచ్చేస్తాయి, రోజంతా సిస్టమ్ ముందు కూర్చునే మా ఆఫీసులో సగం మంది కథ ఇదే అనుకోండి, దానికి ఎపిఫోరా కాదు, డ్రై ఐ కోడ్ హెచ్04.12 వేయాలి, ట్రీట్‌మెంట్ చుక్కల మందు. అదే ముక్కులోకి వెళ్ళే నాళం మూసుకుపోతే ఎన్ని చుక్కలు వేసినా లాభం లేదు, డీసీఆర్ అనే ఆపరేషన్ చేసి కన్నీటి సంచి నుంచి ముక్కులోకి కొత్త దారి పెట్టాలి.

మా పిన్నికి జరిగింది ఇదే. ఎడమ కన్ను ఎప్పుడూ తడిగా ఉండేది, పొద్దున లేచేసరికి పుసి కట్టి రెప్పలు అతుక్కునేవి, కొంగుతో తుడుచుకుని తుడుచుకుని ఆ పక్క చర్మం కూడా ఎర్రగా అయిపోయింది. డాక్టర్ ముక్కు పక్కన వేలితో నొక్కితే కంటి మూల నుంచి చీము వచ్చింది. తర్వాత సిరింజింగ్ చేశారు, కింది రెప్ప మూలలో చిన్న రంధ్రం ఉంటుంది, అందులోంచి సన్నటి మొద్దు సూదితో సెలైన్ ఎక్కిస్తారు, దారి బాగుంటే ఉప్పగా గొంతులోకి దిగుతుంది. "గొంతులో ఉప్పగా తగిలిందా అమ్మా" అంటే పిన్ని లేదంది, ఆ నీళ్ళు చీముతో కలిసి పై రెప్ప రంధ్రంలోంచి వెనక్కి వచ్చేశాయి. ఇంక డౌట్ ఏముంది, డీసీఆర్ అన్నారు.

క్యాష్‌లెస్‌కి పెడితే ఇన్సూరెన్స్ వాళ్ళ నుంచి క్వెరీ వచ్చింది, కళ్ళలో నీళ్ళకి ఆపరేషన్ ఎందుకు అని. ఫారం తీసి చూస్తే డయాగ్నసిస్ దగ్గర "వాటరింగ్" అని ఒక్క ముక్క, కోడ్ హెచ్04.2. మన దగ్గర ఫారాల్లో అడిగేది మామూలు ఐసీడీ-10, అంటే ప్రపంచ ఆరోగ్య సంస్థ వాళ్ళ జాబితా, అందులో కుడి ఎడమల గొడవ లేదు, కానీ కారణం చెప్పే కోడ్లు అందులోనూ ఉన్నాయి కదా, నాళం మూసుకుపోతే హెచ్04.5, సంచిలో పాత ఇన్ఫెక్షన్ ఉంటే హెచ్04.4. హెచ్04.2 అనేది ఉత్త లక్షణం, అది చూసి ఎవరైనా చుక్కలు వేసుకోమనే అంటారు, ఇన్సూరెన్స్ వాళ్ళని కూడా తప్పు పట్టలేం. డెస్క్‌లో అబ్బాయిని అడిగితే గూగుల్‌లో కొడితే ఇదే వచ్చింది మేడమ్ అన్నాడు పాపం. సర్జన్ గారితో సిరింజింగ్ రిజల్ట్, ఏ కన్ను, చీము సంగతి అన్నీ నాలుగు లైన్లు రాయించి మళ్ళీ పంపితే అప్రూవల్ వచ్చింది. ఈలోపు పిన్ని అడ్మిషన్ వాయిదా పడింది. మా ఇంట్లో కోడింగ్ తెలిసిన మనిషి ఉంది కాబట్టి సరిపోయింది, లేనివాళ్ళు ఏం చేస్తారు, చేతి డబ్బులు కట్టుకుంటారు లేకపోతే ఆపరేషనే మానేస్తారు.

మానేస్తే నీళ్ళు కారడంతో పోదండీ ఇది. ఆ సంచిలో చీము ఉండగా శుక్లం ఆపరేషన్ చేస్తే ఇన్ఫెక్షన్ కంటి లోపలికి పాకి చూపే పోవచ్చు, అందుకే శుక్లానికి ముందు నాళం చూస్తారు. పెద్దవయసు వాళ్ళకి రేపో మాపో శుక్లం ఎలాగూ వస్తుంది. అప్పుడు కొత్త డాక్టర్ చేతికి పాత కాగితాలిస్తే అందులో "వాటరింగ్" అని మాత్రమే ఉంటే ఆయనకేం తెలుస్తుంది? ఇప్పుడు ఆభా అనే ప్రభుత్వ హెల్త్ అకౌంట్ నంబర్‌కి రికార్డులన్నీ లింక్ చేస్తున్నారు, అరకొరగా రాసింది అరకొరగానే అందులోకి ఎక్కుతుంది.

చంటిపిల్లల సంగతి వేరు, వాళ్ళకి నాళం చివర పొర విడకపోవడం వల్ల కారుతుంది, ముక్కు పక్కన మసాజ్ చేస్తే చాలామందికి ఏడాదిలోపు అదే పోతుంది. కానీ అక్కడా కోడ్ చూసి వేయాలి, పుట్టుకతో వచ్చిందానికి క్యూ10.5 అని విడిగా ఉంది, క్యూ అని కనబడితే ఇన్సూరెన్స్ వాళ్ళు పుట్టుకలోపం అని పాలసీ కండిషన్లు తీస్తారు.

నా మాట ఒకటే. ఇన్సూరెన్స్ డెస్క్ ఉన్న ప్రతి హాస్పిటల్ ఒక ట్రైనింగ్ అయిన కోడర్‌ని పెట్టుకోవాలి, ఖాళీగా ఉన్నవాళ్ళు అమీర్‌పేటలో కావలసినంత మంది ఉన్నారు, పెద్ద జీతం కూడా అడగరు. డాక్టర్లు ఏ కన్ను, ఎందుకు కారుతోంది, ఏ టెస్ట్‌లో తెలిసింది అని రాయాలి, ఓపీలో అంత టైమ్ ఉండదని తెలుసు గానీ ఒక లైన్‌కి ఎంతసేపు పడుతుంది. పేషెంట్ తరపు వాళ్ళు సంతకం పెట్టే ముందు డయాగ్నసిస్ గడి ఒకసారి చదవండి, లక్షణం మాత్రమే ఉంటే కారణం కూడా రాయమని అడగండి, అడగడానికి మొహమాటం వద్దు. మీ హెల్త్ పేజీలో ఎవరైనా కంటి డాక్టర్ గారితో ఈ క్లెయిమ్ ఫారాల గురించి కూడా ఒకసారి రాయిస్తే బాగుంటుందండీ.

ఇట్లు,
ఒక మెడికల్ కోడర్,
కూకట్‌పల్లి, హైదరాబాద్