మోకాలి లిగమెంట్ ఆపరేషన్‌లో ఏ టెండన్ తీస్తారో రోగికి ముందే చెప్పాలి

సంపాదకుడు గారికి,

నమస్కారం. మోకాలి మధ్యలో తొడ ఎముకను కాలి ఎముకతో కలిపి ఉంచే ఏసీఎల్ అనే లిగమెంట్ (కట్టు) తెగినవారికి చేసే ఆపరేషన్ ఇప్పుడు హైదరాబాద్, విశాఖపట్నం వంటి నగరాలకే పరిమితం కాకుండా జిల్లా కేంద్రాల ఆస్పత్రులకూ చేరింది. కబడ్డీ, వాలీబాల్ ఆడుతూ మోకాలు మెలిపడినవారు, ద్విచక్ర వాహనం మీద నుంచి పడినవారు ఇంటికి దగ్గరలోనే, చిన్న రంధ్రాల గుండా చేసే కీహోల్ పద్ధతిలో చికిత్స పొందగలుగుతున్నారు. ఫిజియోథెరపిస్టుగా ఈ మార్పును మనస్ఫూర్తిగా స్వాగతిస్తున్నాను. అయితే ఆపరేషన్ తర్వాత వ్యాయామాల కోసం మా దగ్గరికి వచ్చేవారిని “మీకు ఏ టెండన్ (కండరాన్ని ఎముకకు కలిపే తాడులాంటి భాగం) తీసి అమర్చారు?” అని అడిగితే చాలామంది చెప్పలేకపోతున్నారు. తమ ఒంట్లోనే ఒకచోట నుంచి టెండన్ తీసి మరోచోట అమర్చారన్న సంగతి కూడా తెలియనివారు వారిలో ఉన్నారు. ఈ లోపాన్ని మీ పత్రిక ద్వారా వైద్యుల దృష్టికీ, పాఠకుల దృష్టికీ తేవాలని ఈ లేఖ రాస్తున్నాను.

పూర్తిగా తెగిన ఏసీఎల్ కొసలను కలిపి కుట్టినా చాలా సందర్భాల్లో అవి అతుక్కోవు. అందుకే తొడ ఎముకలోనూ, కాలి ఎముకలోనూ సన్నని సొరంగాలు తొలిచి, వాటి గుండా ఒక టెండన్‌ను లాగి బిగిస్తారు. ఈ టెండన్‌నే గ్రాఫ్ట్ అంటారు. దానిని ఎక్కడి నుంచి తీస్తే అక్కడ ఎంతో కొంత నష్టం మిగులుతుంది. ఆ నష్టాన్ని భరించవలసినవాడు రోగి కాబట్టి, అది ఎటువంటి నష్టమో ముందే తెలుసుకునే హక్కు అతనికి ఉంది.

మన దగ్గర ఎక్కువగా వాడేది తొడ వెనుక, లోపలి భాగాల నుంచి వచ్చే హ్యామ్‌స్ట్రింగ్ టెండన్లు. సెమిటెండినోసస్, గ్రాసిలిస్ అనే రెండింటిని మోకాలి కింద లోపలి వైపు చిన్న కోతతో తీసి, నాలుగు పేటలుగా మడిచి వాడతారు. మోకాలి ముందు భాగంలో నొప్పి తక్కువగా ఉండటం దీనిలోని మేలు. కానీ మోకాలిని బాగా లోతుగా మడిచేటప్పుడు బలం కొంత తగ్గుతుంది, పరుగు పందెగాళ్ళకూ కబడ్డీ ఆటగాళ్ళకూ ఈ తేడా తెలుస్తుంది. మరో ఇబ్బంది కూడా ఉంది. ఈ టెండన్లు ఎంత లావుగా ఉంటాయో తీసి కొలిచేదాకా కచ్చితంగా చెప్పలేము. మడిచిన గ్రాఫ్ట్ వ్యాసం 8 మిల్లీమీటర్ల కంటే తక్కువైతే, ముఖ్యంగా 20 ఏళ్ళ లోపు వారిలో, మళ్ళీ ఆపరేషన్ అవసరమయ్యే అవకాశం పెరుగుతుందని పరిశోధనలు చెబుతున్నాయి. సన్నగా, పొట్టిగా ఉండే ఆడపిల్లల విషయంలో ఇది తరచుగా ఎదురయ్యే సమస్య. అందుచేత గ్రాఫ్ట్ సన్నగా వస్తే ఇంకెక్కడి నుంచి తీసుకోవాలన్నది మత్తు ఇచ్చిన తర్వాత కాక, ముందురోజే రోగితో మాట్లాడి ఉంచుకోవాలి. 2020లో వెలువడిన ఒక పెద్ద అధ్యయనంలో, 618 మంది యువ రోగుల్లో సగం మందికి హ్యామ్‌స్ట్రింగ్ గ్రాఫ్ట్‌తో పాటు మోకాలి బయటి వైపు అదనపు బిగింపు చేయగా, రెండేళ్ళలో గ్రాఫ్ట్ తెగినవారు 11 శాతం నుంచి 4 శాతానికి తగ్గారు. ఆటల్లోకి తిరిగి వెళ్ళదలచిన పిల్లల తల్లిదండ్రులు ఈ విషయం కూడా వైద్యుణ్ణి అడగడం మంచిది.

రెండో మార్గం మోకాలి చిప్ప కింది టెండన్‌లో మధ్య మూడోవంతును, దాని రెండు కొసల్లోని చిన్న ఎముక ముక్కలతో సహా తీయడం. ఎముకకు ఎముక అతుక్కోవాలి కాబట్టి ఇది ఆరు నుంచి ఎనిమిది వారాల్లోనే సొరంగంలో కుదురుకుంటుంది. ఎముక ముక్క లేని టెండన్‌కు అంతకంటే ఎక్కువ కాలం పడుతుంది. స్కాండినేవియా దేశాల్లో ఆపరేషన్ల వివరాలు నమోదుచేసే రిజిస్ట్రీల్లో కూడా ఈ గ్రాఫ్ట్ వేసుకున్నవారికి మళ్ళీ ఆపరేషన్ చేయవలసి రావడం కొంత తక్కువగానే కనిపించింది. మరి అందరికీ ఇదే వేయవచ్చు కదా అంటే, మోకాలి మీద కూర్చున్నప్పుడు ముందు భాగంలో నొప్పి రావడం, ఆ చుట్టూ తిమ్మిరిగా ఉండటం దీనితో ఎక్కువ. కుర్చీల మీద గడిపే సమాజాల్లో అది చిన్న ఇబ్బంది కావచ్చు. పొద్దస్తమానం మోకాళ్ళ మీద ఉండి పనిచేసే టైల్స్ మేస్త్రికి, అయిదు పూటలా నమాజు చేసేవారికి, చర్చిలో మోకరిల్లేవారికి, మోకాళ్ళు నేలకు ఆనించి చేసే ‘మండి అడవు’ అనే నాట్య కదలికలు సాధన చేసే కూచిపూడి నర్తకికి అది బతుకుతో ముడిపడిన విషయం. నన్నడిగితే, వృత్తి ఏమిటో అడగకుండా ఈ గ్రాఫ్ట్ నిర్ణయించడం సరికాదు.

ఈమధ్య మన దేశంలో వాడకం పెరుగుతున్నది పెరోనియస్ లాంగస్ టెండన్. ఇది పిక్క బయటి వైపు నుంచి చీలమండ వెనకగా పాదం అడుగుకు వెళుతుంది. చిన్న కోతతో సులువుగా వస్తుంది, సాధారణంగా తగినంత లావుగా ఉంటుంది, తొడ కండరాల జోలికి పోనవసరం లేదు. ఒకటి కంటే ఎక్కువ లిగమెంట్లు తెగిన రోగుల్లో ఇది ఎంతో ఉపయోగపడుతుంది. దీనిని తీసిన తర్వాత చీలమండ పనితీరు చాలామందిలో బాగానే ఉంటోందని ఇప్పటివరకు వచ్చిన పరిశోధనలు చెబుతున్నాయి. అయినా పాదాన్ని బయటికి తిప్పడానికీ, బొటనవేలి మొదలును నేలకు అదమడానికీ తోడ్పడేది ఈ టెండనే అన్న సంగతి మరువరాదు. పాదాల పట్టుతో తాటిచెట్టు ఎక్కే గీత కార్మికుడి విషయంలోనూ, తడిసిన పొలం గట్ల మీద బరువుతో నడిచే రైతుకూలీ విషయంలోనూ వైద్యుడు ఒకటికి రెండుసార్లు ఆలోచించి, వారితో మాట్లాడాకే దీనిని ఎంచుకోవాలని నా మనవి.

మోకాలి చిప్ప పైనుండే క్వాడ్రిసెప్స్ టెండన్ కూడా మంచి గ్రాఫ్టే. లావుగా ఉంటుంది, మోకరిల్లినప్పుడు నొప్పి తక్కువ, కానీ తొడ ముందు కండరం బలం పుంజుకోవడానికి మొదటి నెలల్లో ఎక్కువ శ్రమించాలి. మరణించిన దాతల నుంచి సేకరించి భద్రపరిచిన టెండన్లు వాడితే రోగి ఒంట్లో మరో గాయం ఉండదు గానీ, చురుకుగా ఆటలాడే యువతలో అవి తెగే అవకాశం సొంత టెండన్ కంటే సుమారు నాలుగు రెట్లు ఉందని అమెరికాలో పలు కేంద్రాలు కలిసి చేసిన అధ్యయనం తేల్చింది. 1980లలో వచ్చిన కృత్రిమ లిగమెంట్లలో చాలావరకు కీలు లోపల వాపు తెచ్చి, తెగిపోయి, వాడుకలోంచి తప్పుకున్నాయి. ఎదిగే వయసు పిల్లల విషయం పూర్తిగా వేరు. ఎముక పెరిగే పొరకు అడ్డంగా ఎముక ముక్క బిగిస్తే కాలు వంకర తిరిగే ప్రమాదం ఉంది కాబట్టి, అటువంటి పిల్లలను ఆ అనుభవం ఉన్న సర్జనుకే చూపించాలి.

“అన్నిటిలోకి గట్టిది ఏది?” అని రోగులు నన్ను తరచుగా అడుగుతారు. ప్రయోగశాలలో లాగి చూసినప్పుడు యువకుల ఏసీఎల్ సుమారు 2160 న్యూటన్ల బలానికి తెగింది, చిప్ప కింది టెండన్ గ్రాఫ్ట్ 2977, నాలుగు పేటల హ్యామ్‌స్ట్రింగ్ 4090 న్యూటన్ల దాకా తట్టుకున్నాయి. అంటే అమర్చిన రోజున గ్రాఫ్ట్ బలానికి కొదవ లేదు. కానీ అమర్చాక దానికి రక్త ప్రసరణ ఉండదు. పాత కణాలు చనిపోయి, కొత్త రక్తనాళాలు, కొత్త కణాలు చేరి అది లిగమెంట్‌గా మారడానికి నెలలు పడుతుంది, ఆ మార్పులో ఆరు నుంచి పన్నెండు వారాల మధ్య అది బాగా బలహీనంగా ఉంటుంది. సరిగ్గా అప్పుడే నొప్పి తగ్గి, రోగి తనకు నయమైందనుకుంటాడు. నార్వేలో జరిగి 2016లో వెలువడిన అధ్యయనం ప్రకారం, ఆటలోకి తిరిగి వెళ్ళడాన్ని తొమ్మిది నెలల వరకు వాయిదా వేసిన ప్రతి నెలకూ మళ్ళీ గాయపడే అవకాశం 51 శాతం తగ్గింది. జోనల్ పోటీల కోసం ఆరో నెలకే పిల్లలను మైదానంలోకి దింపుతున్న శిక్షకులు ఈ ఒక్క సంగతి గుర్తుంచుకోవాలని వేడుకుంటున్నాను.

సర్జన్ల పక్షాన కూడా ఒక మాట చెప్పాలి. ఓపీలో పదుల కొద్దీ రోగులు వేచి ఉన్నప్పుడు ఇదంతా విడమరిచి చెప్పడం కష్టమే. తనకు చేయి తిరిగిన గ్రాఫ్ట్‌నే వైద్యుడు వాడటం తప్పు కాదు సరికదా, చాలాసార్లు రోగికి అదే క్షేమం. ఏసీఎల్ తెగిన ప్రతి ఒక్కరికీ ఆపరేషన్ అవసరం లేదని, మంచి వ్యాయామ చికిత్సతోనే కుదుటపడేవారు ఉన్నారని స్వీడన్‌లో 121 మందిపై జరిగి 2010లో వెలువడిన అధ్యయనం నిరూపించింది. దానిని రోగికి చెప్పే సర్జన్లు మన దగ్గరా ఉన్నారు, వారికి నా నమస్కారాలు.

నేను కోరేవి చిన్న మార్పులే. రోగి సంతకం చేసే అంగీకార పత్రం తెలుగులో ఉండాలి. ఏ టెండన్ తీయబోతున్నారో, అది చాలకపోతే ప్రత్యామ్నాయం ఏమిటో అందులో పేరుతో రాయాలి. సంతకానికి ముందు రోగి చేసే పని, ఆడే ఆట, కూర్చునే అలవాట్లు అడిగి తెలుసుకోవాలి. డిశ్చార్జి కాగితంలో “ఏసీఎల్ ఆపరేషన్ చేయబడినది” అన్న ఒక్క వాక్యంతో సరిపెట్టకుండా గ్రాఫ్ట్ పేరు, దాని వ్యాసం, బిగించిన పద్ధతి, ఎముకల మధ్య నెలవంక ఆకారంలో ఉండే మెత్త అయిన మెనిస్కస్‌కు కుట్లు వేశారా లేదా అన్నవి రాయాలి. హ్యామ్‌స్ట్రింగ్ తీసిన రోగికి తొడ వెనక కండరానికి మొదటి వారాల్లో భారం పెట్టకూడదు, మెనిస్కస్ కుట్టిన రోగి చేత తొందరపడి గొంతుక్కూర్చోబెట్టకూడదు. ఈ వివరాలు కాగితం మీద లేనప్పుడు మాలాంటి వారు ఊహతో వ్యాయామాలు చేయించవలసి వస్తోంది. ఉభయ రాష్ట్రాల్లోని ఎముకల వైద్యుల సంఘాలు ఒక నమూనా పత్రం తయారుచేసి జిల్లా ఆస్పత్రులన్నిటికీ పంపాలని కోరుతున్నాను.

ఇట్లు,
ఒక ఫిజియోథెరపిస్టు,
కాకినాడ