మహర్నవమి నాడు మటన్

ఒరేయ్,

తమ్ముడి పెళ్లికి రాలేదన్న కోపం ఇంకా అలాగే ఉంది. అయినా ఈ కబుర్లు నీకు చెప్పకపోతే నాకు అన్నం సహించేలా లేదు.

కలకత్తా పిల్ల కోడలుగా వస్తోందంటే భాషతో, వంటతో ఇబ్బందనుకున్నాం. అదేం లేదు. మన కైకలూరు శీలావతి చేపే లారీలెక్కి అక్కడికి వెళ్తుందని తెలిశాక అమ్మకి కలకత్తా పక్కూరైపోయింది. గొడవంతా దసరాతో వచ్చింది. బొత్తిగా తెలియని ఆచారమైతే అమ్మ "వాళ్ల పద్ధతిలే" అని వదిలేసేది. ఇదేమో మన పండగే, మన దుర్గమ్మే!

మహాలయ అమావాస్య నాడు నాన్న వదిలే తర్పణాలకి అమ్మ నువ్వులు, దర్భలు సర్దుతోంది. మరదలు తెల్లవారకుండానే ఫోన్లో చండీ పారాయణం పెట్టి, నవ్వుతూ వచ్చి "శుభ మహాలయ అత్తయ్యా" అంది. పెద్దల అమావాస్యకి శుభాకాంక్షలేమిటే అని అమ్మ బిత్తరపోయింది. తర్పణాలు వాళ్లూ వదులుతార్లే. కానీ ఆ తెల్లవారుజామున రేడియోలో చండీ వింటేనే బెంగాలీలకి పండగ మొదలైనట్టు, 1930ల నుంచీ అదే అలవాటట.

అసలు సినిమా మహర్నవమి నాడు. బెజవాడ కొండమీద దుర్గమ్మకి మహిషాసురమర్దిని అలంకారం. మా ఇంట్లో ఆ తొమ్మిది రోజులూ నీచు మాట అటుంచు, ఉల్లిపాయ కూడా తరగరు. పిల్ల వంటింట్లోకి వెళ్లి "ఇవాళ మటన్ నేను వండనా అత్తయ్యా?" అంది. పులిహోర కలుపుతున్న అమ్మ చెయ్యి ఆగిపోయింది. ఆ మొహం చూసి పిల్ల "ఉల్లి, వెల్లుల్లి వెయ్యను, అల్లం, ఇంగువతోనే" అని భరోసా ఇచ్చింది! ఒట్టురా, వాళ్లలో అమ్మవారికి బలిచ్చిన మాంసం అలాగే వండుతారట, దాన్ని నిరామిషం, అంటే శాకాహారమనే అంటారట. నేను నవ్వాపుకోలేక హాల్లోకి పారిపోయా.

"కనుమకి మనం తినమా?" అని తమ్ముడు మధ్యలో దూరాడు. "కనుమ వేరు" అంది అమ్మ. ఎందుకు వేరో చెప్పలేదు.

వాళ్లకి దుర్గమ్మంటే పిల్లల్ని వెంటేసుకుని పుట్టింటికొచ్చే ఆడపిల్లట. "కూతురొస్తే పప్పుచారుతో సరిపెడతారా?" అంటే అమ్మ దగ్గర జవాబు లేదు. మనకేమో ఆవిడ జగన్మాత. తల్లి ముందు మడి కట్టుకుంటాం, కూతురికి వండిపెడతాం, మరి గొడవ రాకేం చేస్తుంది!

దశమి దాటాక ఆదివారం అమ్మే మటన్ తెప్పించి, వెల్లుల్లి దట్టించి మరీ వండింది. ఇంగువ డబ్బా మాత్రం ఎక్కడో దాచేసింది.

వచ్చే దసరాకి రా. మూలా నక్షత్రం రోజు మాత్రం పెట్టుకోకు, కొండ క్యూలోనే తెల్లారిపోతుంది. దశమి నాడు వాళ్ల ముత్తైదువలు ఒకరి మొహానికొకరు సిందూరం పూసుకుంటారట. ఈసారి మరదలు మన వీధివాళ్లందరికీ పూస్తానంటోంది. అమ్మకింకా చెప్పలేదు.

ఉంటా మరి.