కలప అవసరం కోసం కొట్టిన చెట్లు కావవి

సంపాదకుడు గారికి,

మీ ఆదివారం అనుబంధంలో కాలిఫోర్నియాలోని మహావృక్షాలు సెకోయాల మీద వచ్చిన యాత్రావ్యాసం చదివాను. వాటిలోకెల్లా భారీదైన జనరల్ షెర్మన్ చెట్టు గురించి చక్కగా రాశారు. కానీ ఆ రోజుల్లో కలప అవసరం కొద్దీ కొన్ని చెట్లు కొట్టారని ఒక్క ముక్కలో తేల్చేశారు. ఫ్రెస్నోలో ఉంటూ ఆ నరికిన చెట్ల మొదళ్లను కళ్లారా చూసినవాణ్ణి కాబట్టి ఈ ఉత్తరం రాయకుండా ఉండలేకపోయాను.

అదే కొండల్లో కన్వర్స్ బేసిన్ అనే లోయ ఉంది. ఒకప్పుడు లోకంలోకెల్లా గొప్ప సెకోయా వనాల్లో అదొకటి. 1890ల్లో మొదలుపెట్టి కలప కంపెనీ దాన్ని దాదాపు ఊడ్చేసింది. సెకోయా కలప పెళుసు. 250 అడుగుల చెట్టు నేలకూలగానే మాను ముక్కలు ముక్కలయ్యేది. పడేచోట కందకం తవ్వి కొమ్మలు పరిచినా చాలాసార్లు ఆగేది కాదు. నిలిచిన దుంగలు మరీ లావైతే తుపాకిమందు పెట్టి చీల్చేవారు. ఎంతో కలప అక్కడే పడి పాడైంది. దక్కినదాన్ని కోసి, 54 మైళ్ల చెక్క కాలువలో నీళ్ల మీద సాంగర్ ఊరికి దించేవారు. ఏం చేశారు దానితో? కప్పులకు చెక్కపెంకులు, కంచెలకు రాటలు, ద్రాక్షతోటలకు గుంజలు. రెండువేల ఏళ్లు పెరిగిన చెట్టు ద్రాక్షతీగకు గుంజ అయింది! పోనీ కంపెనీ బాగుపడిందా అంటే, అప్పుల్లో మునిగింది.

తెలియక చేశారనడానికీ లేదు. మారిపోసా సెకోయా వనాన్ని కాపాడే చట్టం మీద అధ్యక్షుడు లింకన్ 1864లోనే సంతకం పెట్టారు. సెకోయా నేషనల్ పార్క్ 1890లో వచ్చింది. కన్వర్స్ బేసిన్ మాత్రం అప్పటికే ప్రైవేటు చేతుల్లో ఉంది. 1878 నాటి చట్టం ప్రకారం ప్రభుత్వ అడవి భూమిని మనిషికి 160 ఎకరాల దాకా, ఎకరం రెండున్నర డాలర్లకు కొనుక్కునే వీలుండేది. కలప కంపెనీలు ఈ చట్టం కింద బినామీ పేర్లతో అడవులకు అడవులే చేజిక్కించుకున్నాయి. అసలు పాపం అక్కడుంది. గొడ్డలి తర్వాతి సంగతి.

2020, 2021 కార్చిచ్చుల్లో ప్రపంచంలోని పెద్ద సెకోయాల్లో 13 నుంచి 19 శాతం పోయాయని అంచనా. ఉన్నవే తరిగిపోతున్న ఈ రోజుల్లో, పోయినవి ఎలా పోయాయో పిల్లలకు సరిగ్గా చెప్పాలి.

వేసవిలో శాన్‌ఫ్రాన్సిస్కో బే ఏరియా నుంచి వచ్చే మన తెలుగు కుటుంబాలు గ్రాంట్ గ్రోవ్ అనే సెకోయా వనం చూసి వెనక్కి తిరుగుతున్నాయి. కన్వర్స్ బేసిన్ అక్కడికి కొద్ది మైళ్లే. నరకకుండా వదిలిన బూల్ చెట్టు అనే భారీ సెకోయా, దాని చుట్టుపక్కల ఇప్పటికీ కుళ్లిపోని మొదళ్లు అక్కడ ఉన్నాయి. తర్వాతి వ్యాసంలో ఆ దారి కూడా ఇవ్వండి.

– ఒక పాఠకుడు, ఫ్రెస్నో, కాలిఫోర్నియా