పూడిక తీయండి, ఒడ్డును మాత్రం ఉంచండి

సంపాదకులకు,

ఇక్కడ అందరూ మామా తలావ్ అని పిలుచుకునే మాల్గుజారీ చెరువుల గురించి ఈ లేఖ. మహారాష్ట్రలోని చంద్రపూర్, గడ్చిరోలి, భండారా, గోండియా జిల్లాల్లో కలిపి ఇవి ఆరేడు వేలు ఉంటాయి. మాల్గుజార్లనే అప్పటి ఎస్టేట్ల యజమానులు వరికి నీళ్ళ కోసం తవ్వించినవే ఎక్కువ. 1950 నాటి చట్టంతో ఎస్టేట్లు పోయాయి, చెరువులు సర్కారు చేతికి వచ్చాయి. ఆ తర్వాత ఏళ్ళ తరబడి పట్టించుకున్న నాథుడు లేడు. పూడిక పేరుకుంది, లొట్టపీసు కమ్మేసింది. 2017లో రాష్ట్ర ప్రభుత్వం పూడిక తీసి ఆ మట్టిని పొలాలకు తోలే పథకం తెస్తే మేమంతా సంతోషించాం. ఆ మట్టి మా చేలోనూ పడింది, పంటా బాగుంది. కాబట్టి తవ్వొద్దని నేను అనడం లేదు.

తవ్వే తీరు మీదే నా గొడవ. మా ఊరి చెరువులో పొక్లెయిన్ దించి అంచు దాకా నిలువునా కోసేశారు. ఒడ్డున దిగితే మోకాలి లోతు ఉండాల్సిన చోట ఇప్పుడు మనిషి మునుగుతాడు. గేదెలు దిగలేక కట్ట మీదే నిలబడుతున్నాయి. ఇక పిట్టల సంగతి చెప్పక్కర్లేదు. కొంగలు బాతుల్లా ఈదవు. కాలి పొడవును మించి నీళ్ళుంటే వాటికి ఆ చెరువు ఉన్నా లేనట్టే. నత్తగుల్ల కొంగకు ముక్కు మూసినా పై, కింది భాగాల మధ్య సందు ఉంటుంది, దాంతోనే నత్తను పట్టి లోపలి కండను లాగేస్తుంది. ఆ నత్తలు దొరికేది లోతులేని నీళ్ళలో, గడ్డి మొదళ్ళలో. పొడుగు వేళ్ళతో తామరాకుల మీద నడిచే జకానా గుడ్లు పెట్టేదీ ఆ ఆకుల మీదే, పొదిగేది మగపిట్ట. తామరను దుంపలతో సహా ఎత్తి ట్రాక్టర్లో పోసేస్తే అదెక్కడ పొదగాలి? చాలదన్నట్టు మిగిలిన నీటిమొక్కలను మేసేయడానికి గ్రాస్ కార్ప్ చేపపిల్లలను వదులుతారు.

పోనీ చట్టం అడ్డుపడుతుందా అంటే అదీ లేదు. 2017 నాటి చిత్తడి నేలల నియమాలు, సాగునీటి కోసం మనుషులు కట్టిన చెరువులను లెక్కలోకే తీసుకోవు. మనిషి తవ్వింది కాబట్టి కాపాడక్కర్లేదట! మరి 2020లో మహారాష్ట్రకు మొట్టమొదటి రామ్‌సర్ గుర్తింపు (ముఖ్యమైన చిత్తడి నేలలకు ఇచ్చే అంతర్జాతీయ గుర్తింపు) తెచ్చిన నాందూర్ మధ్మేశ్వర్ ఏమిటి? నాసిక్ జిల్లాలో మన గోదావరికి అడ్డంగా కట్టిన ఆనకట్ట వెనక నిలిచిన నీళ్ళే కదా. రాష్ట్రంలో మిగిలిన కొద్దిపాటి సారస్ కొంగలు కూడా ఎక్కువగా గోండియా వైపు వరిచేలను, ఇలాంటి చెరువులను నమ్ముకునే బతుకుతున్నాయి.

అదనంగా పైసా ఖర్చయ్యే పనేమీ అడగడం లేదు. నడి చెరువు కావలసినంత లోతు తవ్వుకోండి. ఎగువన నీళ్ళు వచ్చి చేరే వైపు ఒడ్డును వాలుగా వదిలేయండి. తామర ఉన్న ఒక మూలను ముట్టుకోకండి. లొట్టపీసు, గుర్రపుడెక్క మాత్రం వేళ్ళతో సహా పీకేయండి, వాటి మీద ఇక్కడ ఎవరికీ ప్రేమ లేదు. ఏ మూల ఏం పెరుగుతుందో వల వేసే ఢీవర్లకు (ఇక్కడి జాలర్లకు) తెలిసినట్టు ఇంకెవరికీ తెలియదు. ఎస్టిమేట్ వేసేముందు ఇంజినీర్లు వాళ్ళతో ఒక పూట చెరువు చుట్టూ తిరగాలి. ఆ ఎస్టిమేట్‌ను మిషన్ దిగకముందే గ్రామసభలో చదివి వినిపించాలి.

నది అవతల తెలంగాణలో 2015 నుంచి మిషన్ కాకతీయ కింద చెరువులు తవ్వారు. అక్కడ ఒడ్డును ఎలా వదిలారో, పిట్టలు మళ్ళీ వచ్చాయో లేదో ఆ ఊళ్ళ పాఠకులు ఈ శీర్షికకు రాస్తే, వచ్చే గ్రామసభలో చూపించడానికి మాకు పనికొస్తుంది.

— ఒక రైతు, ముల్ తాలూకా, చంద్రపూర్ జిల్లా