చెరువులో ప్లాట్లు, కోర్టులో వాయిదాలు

సంపాదకుల వారికి,

మా ఊరు నెల్లూరుకు దగ్గరే. చెరువు పోరంబోకులో వేసిన ప్లాట్ల మీద నాలుగేళ్లుగా కేసు నడుస్తోంది. వాయిదా పడితే చాలు, రాత్రిళ్లు టిప్పర్లు దిగుతాయి. మొన్న వెళ్లి చూస్తే తూము నోరు గ్రావెల్‌తో పూడిపోయి ఉంది, పక్కనే సున్నం కొట్టిన హద్దురాళ్లు. ఆ తూము కింద మాది ఎకరన్నర మడి. ఈసారి నారు పోయలేదు.

ఇళ్లు లేస్తే ఇక ఎవరూ కదపలేరని ప్లాట్లు వేసినవాళ్ల ధీమా కాబోలు. పంజాబ్‌లో ఒక ఊరి చెరువును పూడ్చిన కేసులో సుప్రీంకోర్టు 2011లోనే తేల్చింది: ఎన్నాళ్లుగా ఆక్రమణలో ఉన్నా, ఎంత ఖర్చుపెట్టి కట్టినా క్రమబద్ధీకరణకు అది సాకు కాదని. మనకు నీరు, భూమి, చెట్ల రక్షణ కోసం తెచ్చిన 2002 నాటి వాల్టా చట్టం కూడా ఉంది. తీర్పు వచ్చేలోగా అధికారులు కనీసం తూము ముందు మట్టయినా తీయించాలి.

– ఒక ఆయకట్టు రైతు, నెల్లూరు జిల్లా