కలెక్టర్ గారికి, కొత్తవాడ నుంచి

సార్, నమస్తే. మా వరంగల్ జంపఖానాలకు 2018లో జీఐ (భౌగోళిక) గుర్తింపు వచ్చిందని అందరం సంబరపడ్డాం గానీ, వాటిని ఊరూరా తిప్పి అమ్మి పది మగ్గాలకు పని చూపించిన మా అక్కను ఇవాళ సొంత తమ్ముళ్లే షెడ్డుకు తాళమేసి రోడ్డు మీద నిలబెట్టారు. 2020 ఆగస్టు వరదల్లో కాలనీలు మునిగితే ఆ షెడ్డులోనే అన్నం వండి పంచింది. అప్పుడు ఫోటోలు దిగిన పెద్దమనుషులే ఇప్పుడు ‘ఇంటి గొడవ, మాకెందుకు’ అంటున్నారు.

పిత్రార్జితంలో కూతురికీ సమాన వాటా అని హిందూ వారసత్వ చట్టానికి 2005లో చేసిన సవరణే చెప్పింది, 2020లో సుప్రీంకోర్టూ చెప్పింది. వాటా సంగతి కోర్టులో తేలనీయండి. కానీ లోపలున్న మగ్గాలు, నూలు అక్కవి, బిల్లులున్నాయి, దసరా ఆర్డర్లున్నాయి. ఇరువైపుల వాళ్లనీ పిలిచి తాళం తీయించండి సార్. సోమవారం ప్రజావాణికి వస్తున్నాం. పరువు పోతుందని అక్క రానంటోంది, అయినా లాక్కొస్తాం.