దావా వాపసులో రాయని ఒక్క మాట

సంపాదకుల వారికి,

గాజువాకలోని మా ఇంటిస్థలం హద్దు తగాదాపై నాన్నగారు వేసిన దావాలో సర్వే నంబరు తప్పు పడింది. సరిచేసి మళ్లీ వేద్దామంటూ వకీలు గారు మెమో దాఖలు చేసి, దావా వాపసు తీసుకున్నారు. ఉత్తర్వు నకలు చేతికొచ్చాక చూస్తే, ఉపసంహరించుకున్నందున కొట్టివేసినట్టు మాత్రమే ఉంది. మళ్లీ వేసుకునే స్వేచ్ఛ గురించి ఒక్క మాటా లేదు.

1908 నాటి సివిల్ ప్రొసీజర్ కోడ్, 23వ ఆర్డరు 1వ రూలు ప్రకారం, సాంకేతిక లోపం వల్ల దావా వీగిపోయేటట్టున్నా, తగిన ఇతర కారణాలున్నా, కోర్టు అనుమతితో వాపసు తీసుకున్నవారు అదే విషయంపై కొత్త దావా వేయవచ్చు. అనుమతి లేకుండా తీసుకున్నవారికి ఆ హక్కు పోతుంది. హైకోర్టులో వేసే రిట్ పిటిషన్లకూ ఈ సూత్రం వర్తిస్తుందని సర్గుజా ట్రాన్స్‌పోర్ట్ కేసులో సుప్రీంకోర్టు 1986లోనే చెప్పింది. అనుమతి దొరికినా నిశ్చింతగా ఉండడానికి లేదు. 2వ రూలు ప్రకారం, మొదటి దావా అసలు వేయనట్టే కొత్త దావాకు కాలపరిమితిని, అంటే దావా వేయడానికి చట్టం ఇచ్చిన గడువును, లెక్కిస్తారు.

సంతకం పెట్టిన రోజు ఈ సంగతి నాన్నగారికి ఎవరూ చెప్పలేదు. వాపసు మెమోను కక్షిదారుకు తెలుగులో చదివి వినిపించాకే సంతకం తీసుకోవాలని, జిల్లా న్యాయసేవాధికార సంస్థ వారు కోర్టు ఆవరణలో ఈ విషయం తెలిపే తెలుగు బోర్డు పెట్టించాలని కోరుతున్నాను.

ఇట్లు,
ఒక పాఠకుడు,
గాజువాక, విశాఖపట్నం